లిక్టెన్‌స్టైన్ పార్లమెంటు ఎన్నికలు: తరచుగా అడిగే ప్రశ్నలు

స్విట్జర్లాండ్‌కీ ఆస్ట్రియాకీ మధ్య 160 చదరపు కిలోమీటర్లలో ఇమిడిపోయిన దేశం లిక్టెన్‌స్టైన్. అక్కడ ఎన్నికలు జరిగితే మన పేపర్లలో నాలుగు లైన్లు వస్తాయి, అందులో రెండు కొండమీది కోట గురించే. ఆ నాలుగు లైన్లు చదివినవాళ్లకు సాధారణంగా వచ్చే సందేహాలకు జవాబులు ఇక్కడ ఉన్నాయి. ఎక్కువగా మాట్లాడేది 2025 ఫిబ్రవరి 9న జరిగిన ఎన్నిక గురించి. పాతవి తెలియకపోతే అది అర్థం కాదు కాబట్టి అవసరమైన చోట వెనక్కి కూడా వెళ్దాం.

ఓటర్లు ఎంతమంది?

దేశ జనాభా సుమారు 40 వేలు. వారిలో మూడో వంతు విదేశీయులు, వాళ్లకు ఓటు లేదు. పిల్లల్ని కూడా తీసేస్తే ఓటర్లు 21 వేల దగ్గర తేలతారు. పద్ధెనిమిదేళ్లు నిండి, దేశంలోనే నివాసం ఉంటున్న పౌరులకే ఓటు. పౌరసత్వం ఉన్నా వేరే దేశంలో స్థిరపడితే ఓటు పోతుంది.

పార్లమెంటు ఎలా ఉంటుంది?

పేరు లాండ్‌టాగ్. ఒకటే సభ, 25 మంది సభ్యులు, నాలుగేళ్ల పదవీకాలం. 1989కి ముందు 15 మందే ఉండేవారు. రాజకీయం ఎవరికీ పూర్తికాల ఉద్యోగం కాదు. లాయరు లాయరుగానే, టీచరు టీచరుగానే ఉంటూ సమావేశాలకు వస్తారు. రాజధాని వాడుజ్‌లో కోట ఉన్న కొండ కిందే, ఇటుకలతో కట్టిన నిటారు కప్పు భవనంలో 2008 నుంచి సభ జరుగుతోంది.

ఇంకో విశేషం, ప్రత్యామ్నాయ సభ్యులు. ఒక నియోజకవర్గంలో పార్టీ గెలిచిన ప్రతి మూడు సీట్లకు ఒకరు చొప్పున వీళ్లూ ఎన్నికవుతారు. అసలు సభ్యుడు రాలేని రోజు వీళ్లు వచ్చి కూర్చుని ఓటేస్తారు. ఉన్నదే 25 మంది, అందరికీ వేరే ఉద్యోగాలు. ఈ ఏర్పాటు లేకపోతే సగం బిల్లుల భవిష్యత్తు ఎవరికి జలుబు చేసిందన్న దాని మీద ఆధారపడేది.

రాజు ఉండగా ఈ ఎన్నికలకు విలువుందా?

అందరూ అడిగే ప్రశ్న ఇది. జవాబు సూటిగా ఉండదు.

యూరప్‌లోని మిగతా రాజులు చాలావరకు రిబ్బన్లు కత్తిరించే రాజులు. లిక్టెన్‌స్టైన్ రాజుకు నిజమైన అధికారం ఉంది. పార్లమెంటు పాస్ చేసిన చట్టానికి ఆయన సంతకం లేకపోతే అది చట్టమే కాదు. ప్రభుత్వాన్ని తొలగించగలడు, పార్లమెంటును రద్దు చేయగలడు, జడ్జీల ఎంపికలో ఆయన మాటకు బరువుంది. రాజు రెండో హన్స్-ఆడమ్. 2004 ఆగస్టు నుంచి రోజువారీ పాలన చూస్తున్నది ఆయన కొడుకు, యువరాజు అలోయిస్.

ఇవన్నీ పూర్వకాలం నుంచి మిగిలిపోయిన హక్కులని అనుకుంటే పొరపాటే. 2003లో రాజ్యాంగ సవరణ మీద ప్రజల ఓటు జరిగింది. తన ప్రతిపాదన ఓడిపోతే దేశం వదిలి వియన్నా వెళ్లిపోతానని రాజు ముందే చెప్పాడు. 64 శాతం మంది ఆయనకే ఓటేశారు. 2011లో గర్భస్రావం మీద ఉన్న శిక్షలు సడలించాలని ఓటు పెడితే, మీరు గెలిపించినా నేను సంతకం పెట్టనని అలోయిస్ ముందుగానే ప్రకటించాడు. ఆ ప్రతిపాదన కొద్ది తేడాతో ఓడింది. దాంతో కొందరు సంతకాలు సేకరించి, ప్రజలు ఓటేసి ఆమోదించినదాన్ని వీటో చేసే హక్కు రాజుకు ఉండకూడదంటూ 2012లో మళ్లీ ఓటు పెట్టించారు. 76 శాతం మంది వద్దన్నారు. రాజు చేతిలో అంత అధికారం ఉండటానికి ఓటర్లే ఒప్పుకున్నారన్నమాట.

కాకపోతే 2003 సవరణలోనే ఇంకో వైపు కూడా ఉంది. 1,500 మంది పౌరులు సంతకాలు పెడితే రాజు మీద అవిశ్వాస ఓటు పెట్టవచ్చు. రాచరికాన్నే రద్దు చేసే ప్రక్రియ కూడా రాజ్యాంగంలో రాసి ఉంది. దేశంలోని 11 మున్సిపాలిటీల్లో దేనికైనా విడిపోయే హక్కు సైతం ఉంది.

ఇలా పైనుంచి రాజు వీటో, కిందనుంచి ప్రజల రిఫరెండం, మధ్యలో లాండ్‌టాగ్. ఈ ఎన్నికను మన అసెంబ్లీ ఎన్నికల కళ్లతో చూస్తే ఏమీ బోధపడదు. గెలిచినవాళ్ల చేతికి మొత్తం రాజ్యం రాదు.

రెండే నియోజకవర్గాలు ఎందుకు?

దేశం రెండు పాత ప్రాంతాల కలయిక. వాడుజ్ ఉన్న దక్షిణ భాగం ఓబర్‌లాండ్, దానికి 15 సీట్లు. ఉత్తరాన ఉన్న ఉంటర్‌లాండ్‌కు 10. జనాభా లెక్కలు మారినా ఈ పంపకం మారదు, రాజ్యాంగంలోనే ఉంది. ప్రభుత్వంలో ఉండే ఐదుగురిలో కూడా ఒక్కో ప్రాంతం నుంచి కనీసం ఇద్దరు ఉండాలి. కారులో అరగంటలో దాటేసే దేశంలో ప్రాంతీయ వాటాల పట్టింపేమిటని నవ్వొస్తుంది కానీ, అక్కడివాళ్లకు ఇది నవ్వులాట కాదు.

ఓటు ఎలా వేస్తారు?

ఒక్కొక్కరికి ఒక ఓటు అనుకోకండి. ఓబర్‌లాండ్ ఓటరుకు 15 ఓట్లు, ఉంటర్‌లాండ్ ఓటరుకు 10. తన నియోజకవర్గంలో ఎన్ని సీట్లుంటే అన్ని.

ఎన్నికలకు ముందు ప్రతి ఓటరు ఇంటికీ ఒక కవరు వస్తుంది. అందులో ప్రతి పార్టీకీ ఒక బ్యాలెట్ కాగితం, దాని మీద ఆ పార్టీ అభ్యర్థుల పేర్లు. ఓటరు వాటిలో ఒకటి ఎంచుకుంటాడు. ఏమీ మార్చకుండా అలాగే పంపితే ఆ పార్టీకి పూర్తి ఓట్లు పడతాయి. అసలు సంగతి మార్పుల్లో ఉంది. నచ్చని అభ్యర్థి పేరు కొట్టేయవచ్చు. కొట్టేసిన చోట వేరే పార్టీ అభ్యర్థి పేరు చేత్తో రాయవచ్చు. పేరు కొట్టేసి ఊరుకుంటే నష్టం ఆ అభ్యర్థికే, పార్టీ లెక్క తగ్గదు. వేరే పార్టీ మనిషి పేరు రాస్తే మాత్రం ఆ ఒక్క ఓటు అటు పోతుంది. ఒకే పేరును రెండుసార్లు రాయడానికి వీల్లేదు.

ఇక్కడే ఆ దేశపు రాజకీయం బయటపడుతుంది. అభ్యర్థి అంటే టీవీలో కనిపించే ముఖం కాదు, మన అబ్బాయికి పాఠాలు చెప్పిన టీచరు, పక్క వీధి వడ్రంగి, బంధువుల ఇంట్లో పెళ్లికి వచ్చిన మనిషి. పార్టీని మార్చకుండానే ఒక మనిషిని శిక్షించవచ్చు, ఇంకొక మనిషిని సత్కరించవచ్చు. సొంత పార్టీ ఓటర్లే పేరు కొట్టేశారని లెక్కల్లో తేలితే, ఆ అభ్యర్థికి మర్నాడు బేకరీకి వెళ్లడం కూడా టెన్షనే. ఎవరు కొట్టేశారో తెలియదు కానీ, ఎదురయ్యేవాళ్లలో ఎవరో ఒకరు కొట్టేసే ఉంటారు.

పోలింగ్ బూత్‌లు ఉంటాయా?

ఉంటాయి, ఖాళీగా. నూటికి 95 మందికి పైగా పోస్టులోనే ఓటేస్తారు. ఆదివారం మధ్యాహ్నం 12 గంటలకు పోలింగ్ ముగుస్తుంది, ఆ సాయంత్రానికే ఫలితం వచ్చేస్తుంది.

ఓటు తప్పనిసరా?

చట్టం ప్రకారం అవును. వేయనివాళ్లను ఎవరూ ఏమీ అనరు. అయినా నలుగురిలో ముగ్గురు ఓటేస్తారు.

ఏయే పార్టీలు ఉన్నాయి?

పాతవి రెండు. ప్రోగ్రెసివ్ సిటిజన్స్ పార్టీ, పొట్టిగా ఎఫ్‌బీపీ. 1918లో పుట్టింది, జనం వీళ్లను నల్లవాళ్లు అంటారు. ఇంకోటి ఫాదర్‌ల్యాండ్ యూనియన్, పొట్టిగా వీయూ. 1936లో రెండు పార్టీలు కలిసి ఏర్పడింది, వీళ్లు ఎర్రవాళ్లు. ఎర్ర అనగానే కమ్యూనిస్టులనుకోవద్దు, అది పార్టీ రంగు మాత్రమే. రెండూ సంప్రదాయవాద పార్టీలే, రెండూ రాచరికాన్ని గౌరవించేవే. తేడా ఏమిటంటే చాలాకాలం పాటు ఒకటే జవాబు: మీ తాత ఏ పార్టీయో మీరూ ఆ పార్టీయే. ఇంటికి వచ్చే పేపర్ కూడా దాన్నిబట్టే. ఎఫ్‌బీపీ ఇళ్లకు ఫోక్స్‌బ్లాట్, వీయూ ఇళ్లకు ఫాటర్‌లాండ్. 1878లో మొదలైన ఫోక్స్‌బ్లాట్ 2023 మార్చిలో మూతపడింది. ఇంత చిన్న దేశానికి రెండు దినపత్రికలు అంతకాలం నిలబడ్డాయంటేనే పార్టీ అభిమానం ఎంత గట్టిదో తెలుస్తుంది.

మూడోది ఫ్రీ లిస్ట్, పర్యావరణం, సామాజిక న్యాయం మాట్లాడే వామపక్షం. నాలుగోది డెమోక్రాట్స్ ఫర్ లిక్టెన్‌స్టైన్, డీపీఎల్. 2013లో వచ్చిన ఇండిపెండెంట్స్ అనే పార్టీ 2017లో ఐదు సీట్లు గెలిచింది, మరుసటి ఏడాదే చీలింది. బయటికొచ్చిన ముగ్గురు సభ్యులు పెట్టుకున్నదే డీపీఎల్.

8 శాతం నిబంధన ఏమిటి?

దేశం మొత్తం మీద పోలైన ఓట్లలో 8 శాతం రాకపోతే ఒక్క సీటూ ఇవ్వరు. ఒకప్పుడు ఇది 18 శాతం ఉండేది, రాజ్యాంగ విరుద్ధమని 1962లో కొట్టేశారు. ఫ్రీ లిస్ట్ 1986లో, 1989లో ఈ గీతకు కొద్దిగా కిందే ఆగిపోయి, చివరికి 1993లో లోపలికి వచ్చింది. నా దృష్టిలో 25 సీట్ల సభకు 8 శాతం కాస్త ఎక్కువే.

2021లో 42 ఓట్ల తేడా అంటారు. అంటే 42 మందేనా?

కాదు, అంతకంటే తక్కువ. ఈ విషయాన్ని చాలా వార్తలు సరిగ్గా చెప్పలేదు.

ఆ ఎన్నికలో వీయూకు 72,361 ఓట్లు, ఎఫ్‌బీపీకి 72,319. ఓటర్లే 20 వేల చిల్లర ఉన్న దేశంలో ఒక్కో పార్టీకి 72 వేలెలా వచ్చాయి? పైన చెప్పుకున్న 15, 10 లెక్క వల్ల. ఇక్కడ లెక్కించేది మనుషుల్ని కాదు, కాగితం మీది ఒక్కో లైనును. ఓబర్‌లాండ్‌లో ఒక ఓటరు మార్పులేమీ లేకుండా పంపిన బ్యాలెట్ విలువ 15. అంటే 42 తేడా మూడు బ్యాలెట్లకు కూడా సరిపోదు. ఇద్దరు ఓబర్‌లాండ్ ఓటర్లు ఎర్ర కాగితం బదులు నల్ల కాగితం కవర్లో పెట్టి ఉంటే, వీయూకు 30 తగ్గి ఎఫ్‌బీపీకి 30 పెరిగి, మొదటి స్థానం తారుమారయ్యేది. భార్యాభర్తలు ఒకరితో ఒకరు ఒక సాయంత్రం వాదించుకుంటే చాలు.

సీట్లు మాత్రం చెరి పది వచ్చాయి. మొదటి స్థానంలో నిలిచిన పార్టీ ప్రధాని పదవి తీసుకోవడం ఆనవాయితీ కాబట్టి వీయూ నాయకుడు డేనియల్ రిష్ ప్రధాని అయ్యాడు, ఎఫ్‌బీపీకి చెందిన సబీన్ మొనౌని ఉప ప్రధాని. ఐదుగురి ప్రభుత్వంలో వీయూకు మూడు, ఎఫ్‌బీపీకి రెండు.

2025లో ఏం జరిగింది?

వీయూకు 38.3 శాతం ఓట్లు, 10 సీట్లు. ఎఫ్‌బీపీ 27.5 శాతానికి పడిపోయి 7 సీట్లతో మిగిలింది. సభ 25 సీట్లకు పెరిగినప్పటి నుంచి ఆ పార్టీకి ఇంత తక్కువ ఎప్పుడూ రాలేదు. డీపీఎల్ 23.3 శాతంతో రెండు సీట్ల నుంచి ఆరుకు ఎగబాకింది. ఫ్రీ లిస్ట్‌కు 11 శాతం, రెండు సీట్లు.

పేపర్లలో హెడ్డింగ్ అంతా బ్రిగిట్టే హాస్ గురించి. దేశ చరిత్రలో తొలి మహిళా ప్రధాని ఆమె, 2025 ఏప్రిల్‌లో పదవి చేపట్టారు. అంతకుముందు అక్కడి పరిశ్రమల, వాణిజ్య మండలిని నడిపారు. హెడ్డింగ్‌కు తగిన వార్తే. కానీ రాజకీయంగా పెద్ద మార్పు డీపీఎల్‌ది. తాత ఓటు మనవడికి సంక్రమించే దేశంలో, ఏడేళ్ల క్రితం పుట్టిన పార్టీకి దాదాపు నాలుగో వంతు ఓట్లు పడ్డాయి.

డీపీఎల్ అంత ఎలా పెరిగింది?

సభలో గెలవలేని వాదనల్ని సంతకాలు సేకరించి ప్రజల ముందుకు తీసుకెళ్లడం ద్వారా. ప్రభుత్వ ఎంపికలో ప్రజలకు నేరుగా ఓటుండాలని 2024 ఫిబ్రవరిలో రిఫరెండం పెట్టించింది, చిత్తుగా ఓడింది. అదే ఏడాది అక్టోబరులో ప్రభుత్వ డబ్బుతో నడిచే రేడియో లిక్టెన్‌స్టైన్ చట్టాన్ని రద్దు చేయాలని ఇంకోటి పెట్టించింది. ఈసారి 55 శాతం మంది సరే అన్నారు. స్టేషన్ కొనేవాళ్లు దొరక్క 2025 ఏప్రిల్‌లో మూగబోయింది. దేశంలో ఉన్న ఒకే ఒక్క రేడియోను మూయించిన పార్టీకి, ఆ రిఫరెండం జరిగిన మూడు నెలల చిల్లరకే, ఫిబ్రవరి ఎన్నికలో సీట్లు మూడింతలయ్యాయి. రేడియో పోవడం మంచి పనేమీ కాదని నా అభిప్రాయం. అయినా ఓటరుకు తన ఓటు ఫలితం చెవికి వినబడేలా చూపించింది ఆ పార్టీయే.

మరి డీపీఎల్ ప్రభుత్వంలో ఎందుకు లేదు?

వీయూ, ఎఫ్‌బీపీ మళ్లీ చేతులు కలిపాయి కాబట్టి. ఈ రెండు పార్టీల సంకీర్ణం 1938లో మొదలైంది. 1997 వరకూ ఆగకుండా సాగింది. ఆ తర్వాత నాలుగేళ్లు వీయూ ఒంటరిగా, ఇంకో నాలుగేళ్లు ఎఫ్‌బీపీ ఒంటరిగా పాలించాయి. 2005 నుంచి మళ్లీ కలిసే. 2025లో కూడా పంపకం మూడు, రెండే. మొనౌని ఉప ప్రధానిగా కొనసాగారు. ఎన్నికల్లో బాగా నష్టపోయిన పార్టీ ప్రభుత్వంలో ఉంది, బాగా పెరిగిన పార్టీ ప్రతిపక్షంలో ఉంది. న్యాయమా అంటే, 25లో 17 మంది మద్దతు ఉన్న ప్రభుత్వాన్ని అన్యాయమనలేం.

ప్రధానిని రాజు నియమిస్తాడా, పార్లమెంటా?

ఇద్దరూ కలిసి. లాండ్‌టాగ్ పేర్లు ప్రతిపాదిస్తుంది, రాజు నియమిస్తాడు. మంత్రి అయినవాళ్లు సభ్యులుగా ఉండకూడదు.

ప్రభుత్వం మధ్యలో పడిపోవడం ఎప్పుడైనా జరిగిందా?

1993లో జరిగింది, ఆ ఏడాది రెండుసార్లు ఎన్నికలొచ్చాయి. ఫిబ్రవరిలో ఎఫ్‌బీపీ గెలిచి మార్కుస్ బ్యూషెల్ ప్రధాని అయ్యాడు. కొన్ని నెలల్లోనే సొంత పార్టీతోనే చెడింది. సెప్టెంబరులో అవిశ్వాసం నెగ్గింది, రాజు సభను రద్దు చేశాడు. అక్టోబరులో వీయూ 13 సీట్లు గెలిచింది. 28 ఏళ్ల మారియో ఫ్రిక్ ప్రధాని అయ్యాడు.

అసలు పోలింగే లేకుండా జరిగిన ఎన్నిక ఒకటుందట?

1939 నాటిది. పక్కనున్న ఆస్ట్రియాను హిట్లర్ అంతకు ముందు ఏడాదే మింగేశాడు. లిక్టెన్‌స్టైన్‌లోనూ నాజీ సానుభూతిపరులు ఉన్నారు. ఎన్నికల ప్రచారం పెడితే వాళ్లకు వేదిక దొరుకుతుందన్న భయంతో రెండు పార్టీలూ సీట్లు ముందే పంచుకుని పోటీ లేకుండా సభను నింపేశాయి. 1943లో రావలసిన ఎన్నికను రాజు వాయిదా వేశాడు. 1945లో గానీ జనం ఓటేయలేదు. ప్రజాస్వామ్యాన్ని కాపాడుకోవడానికి ఓటునే పక్కన పెట్టారు. ఆ పరిస్థితిలో వేరే దారి నాకైతే కనిపించదు.

మహిళలకు ఓటు హక్కు ఎప్పుడు వచ్చింది?

1984లో. అచ్చు తప్పు కాదు. యూరప్‌లో అందరికంటే ఆఖరున.

ఈ మార్పును ప్రజల ఓటుకు పెట్టారు, అప్పటికి ఓటున్న ప్రజలంటే మగవాళ్లే. 1971లో అడిగితే కాదన్నారు, 1973లో మళ్లీ అడిగితే మళ్లీ కాదన్నారు. 1984 జూలై 1న మూడోసారి. అనుకూలంగా 2,370, వ్యతిరేకంగా 2,251. తేడా 119. మనం ఆసియా క్రీడలను కలర్ టీవీలో చూసేసిన తర్వాత సంగతి ఇది.

1986లో మహిళలు మొదటిసారి పార్లమెంటు ఎన్నికల్లో ఓటేశారు. ఎమ్మా ఐగెన్‌మాన్ తొలి మహిళా సభ్యురాలు. ఆ తర్వాత కూడా వేగం అంతంత మాత్రమే. 2017 సభలో 25 మందికి ముగ్గురే మహిళలు. రాజకీయ పదవుల్లో స్త్రీ పురుషుల సమతూకాన్ని ప్రోత్సహించాలని రాజ్యాంగంలో రాద్దామని 2020లో ఓటు పెడితే, నూటికి 78 మందికి పైగా వద్దన్నారు. ఐదేళ్లు తిరక్కుండానే ప్రధాని, ఉప ప్రధాని ఇద్దరూ మహిళలయ్యారు.

రిఫరెండం పెట్టించడం అంత సులువా?

చట్టం మీద అయితే వెయ్యి సంతకాలు, రాజ్యాంగ విషయమైతే 1,500. అంతే మంది, అంటే 1,500 మంది కోరితే సభను రద్దు చేయాలా వద్దా అన్న దాని మీద కూడా ఓటు పెట్టవచ్చు. అంతర్జాతీయ ద్రవ్యనిధిలో చేరాలని ప్రభుత్వం నిర్ణయిస్తే 2024 సెప్టెంబరులో దాన్నీ ఓటుకు లాగారు. ప్రజలు ఆమోదించాకే అక్టోబరులో దేశం 191వ సభ్యురాలిగా చేరింది. ఈ దేశంలో నాలుగేళ్లకోసారి వచ్చే ఎన్నికకంటే మధ్యలో వచ్చే ఇలాంటి ఆదివారాలే ఎక్కువ విషయాలు తేలుస్తాయి.

అక్కడ ఉద్యోగం చేసే భారతీయులు ఓటేయవచ్చా?

పౌరసత్వం లేకుండా కుదరదు. డ్రిల్లింగ్ మిషన్లకు పేరున్న హిల్టి కంపెనీ కేంద్ర కార్యాలయం అక్కడి షాన్ పట్టణంలోనే ఉంది. ఇలాంటి కంపెనీల వల్ల దేశంలో జనాభా కంటే ఉద్యోగాలే ఎక్కువ. పనిచేసేవాళ్లలో సగానికి పైగా రోజూ సరిహద్దు దాటి వచ్చి సాయంత్రానికి వెళ్లిపోతారు. నివాస అనుమతి దొరకడమే గగనం.

దొరికి స్థిరపడినా పౌరసత్వానికి సాధారణంగా 30 ఏళ్ల నివాసం కావాలి. ఇరవై ఏళ్ల లోపు వయసులో అక్కడ గడిపిన ఏడాదికి రెండేళ్లుగా లెక్క కడతారు. పదేళ్లకే కావాలంటే ఇంకో దారి ఉంది: మీరుండే మున్సిపాలిటీ ఓటర్లు మీకు పౌరసత్వం ఇవ్వాలా వద్దా అని ఓటేయాలి. పాత పాస్‌పోర్టు వదులుకోవాల్సిందే.

తర్వాతి ఎన్నిక ఎప్పుడు?

మధ్యలో సభ రద్దు కాకపోతే 2029 ఫిబ్రవరి లేదా మార్చిలో.